ఖాళీయైన దీవి పల్లె

ఒక గ్రామము ఏనాడు పుట్టినదో సాధారణముగా ఎవ్వరికిని తెలియదు. ఏనాడు నశించినదో కూడ తెలియదు. ముందు ఒక యింటి తలుపు మూతపడును. కొన్నియేండ్లకు మఱియొకటి. పిమ్మట బడి మూతపడును. బావిగట్టున గడ్డి మొలచును. తుదకు ఎవడో బాటసారి ఆ త్రోవను పోవుచు, “ఇచ్చట ఒకప్పుడు ఊరుండెడిది” అని చూపును. రాజుల పట్టాభిషేకములకును మరణములకును తేదీలు కలవు గాని, పల్లెలు మరణించిన తేదీలు చరిత్ర గ్రంథములలో కానరావు.

అట్టి తేదీ తెలిసిన పల్లె యొకటి కలదు. అది 1930వ సంవత్సరము ఆగస్టు 29వ తేదీని ఖాళీయైనది. అప్పటికి అందు మిగిలియున్నవారు 36 మంది. వారిని శత్రువు తఱుమలేదు, వఱద ముంచలేదు, భూస్వామి వెళ్లగొట్టలేదు. తామే కూర్చుండి యోచించిరి. తామే అర్జీ వ్రాసికొనిరి. తామే తలుపులు మూసి ఓడ యెక్కిరి. ఆ చోట మనుష్యులు రెండువేల యేండ్లకు పైగా నివసించిరని పరిశోధకుల నిర్ణయము. అంతకాలము నిలిచిన యూరు తుదకేల నిలువలేకపోయెను? ఊరి బాగోగులు తమవిగా నెంచు పెద్దలెల్లరును ఆలోచింపదగిన ప్రశ్న యిది. కావున ఆ పల్లె బ్రదికిన తీరును, ఖాళీయైన తీరును ఈ ప్రసంగమున విన్నవింతును.

ఆ పల్లె స్కాట్లండు దేశమునకు పడమట, అట్లాంటికు మహాసముద్రములో, సెయింట్ కిల్డా యను దీవుల గుంపున ఉన్నది. స్కాట్లండు పడమటి తీరమునకు ఆవల హెబ్రిడీసు అను దీవుల వరుస కలదు. ఆ వరుసలోని ఉత్తర యూయిస్టు అను దీవిని దాటి, ఇంకను సుమారు నలువది మైళ్లు సముద్రముమీద పడమటికి పోయినగాని సెయింట్ కిల్డా రాదు. సెయింట్ అనగా క్రైస్తవులు పూజ్యుడుగా నెంచు భక్తుడు. విచిత్రమేమనగా, కిల్డా యను పేరుగల భక్తుడు ఎవ్వడును వారి చరిత్రలో లేడు. అంత మాఱుమూల చోటు గనుక, దాని పేరును సైతము బయటివారు సరిగా వినలేదు కాబోలు.

ఆ గుంపులో జనులు ఊరు కట్టుకొని యుండినది హిర్టా యను దీవిలో మాత్రమే. దాని వైశాల్యము సుమారు 1,650 ఎకరములు. అందు సాగునకు వచ్చునది కొంచెము, తక్కినదెల్ల కొండయే. ఆ కొండ శిఖరము 1,400 అడుగుల యెత్తు కలది. దాని యుత్తరపు ముఖము గోడవలె నిలువుగా సముద్రములోనికి దిగును. బ్రిటను దేశమున అంతకంటె నెత్తైన సముద్రపు చఱియ లేదు. దీవిలో చెట్టన్నది లేదు. ఓడలు నిలుచుటకు రేవు లేదు. శీతకాలమున గాలివానలు లేచినచో నెలల తరబడి ఏ పడవయు ఒడ్డు చేరజాలదు. దీవికి ఒక ప్రక్కన అర్ధచంద్రాకారమైన చిన్న అఖాతము కలదు. దాని యొడ్డున, అదే వంపుగా, ఒకే వీధి. ఆ వీధియే ఊరు.

ఆ యూరివారి మాట గేలిక్కు భాష. వారి పంటలు బార్లీ, ఓట్సు అను ధాన్యములును, తరువాతి కాలమున ఉర్లగడ్డలును. కొన్ని ఆవులు, చాల గొఱ్ఱెలు ఉండెడివి. అయితే ఉప్పుగాలికి పంట నమ్మరానిది. పడవ నిలుపుటకు చోటు లేదు గనుక చేపల వేటయు కొంచెమే. వారి నిజమైన పొలము ఆ నిలువు చఱియలు. వారి నిజమైన పంట అందు గూళ్లు కట్టు సముద్రపక్షులు. గానెట్ అను పెద్ద తెల్లని పక్షి, ఫుల్మార్ అను బూడిదవన్నె పక్షి, పఫిన్ అను రంగుముక్కు చిన్నపక్షి, ఈ మూడును లక్షలకొలది ఆ దీవులలో పిల్లలు పెట్టును. వాని మాంసము ఆహారము; గ్రుడ్లు ఆహారము; ఈకలు శిస్తు; ఫుల్మారు కడుపులోని నూనె దీపమునకును మందునకును పనికివచ్చెడిది. వసంతమున గానెట్లు రాగానే వేట మొదలగును, పిమ్మట గ్రుడ్లకాలము, ఆగస్టులో ఫుల్మారు పిల్లల కోత, సెప్టెంబరులో గానెట్ పిల్లల కోత. కోత యనుటయే సరి. మనము వరికోతకు దినములు లెక్కించినట్లే, వారు పక్షిపిల్ల యెగురుటకు ముందరి దినములు లెక్కించుచుండిరి.

ఈ కోత ఎట్లు చేసెడివారో వినుడు. ఒకడు నడుమునకు త్రాడు కట్టుకొని, వట్టికాళ్లతో చఱియ అంచు దాటి క్రిందికి దిగును. వందల అడుగుల క్రింద సముద్రము ఘోషించుచుండును. పైన మఱియొకడు, ఒక్కొక్కప్పుడు పలువురు, మడమలు నేలలో తన్ని త్రాడు పట్టుకొని నిలుతురు. క్రిందివాడు చేతికందిన పక్షిని పట్టి, మెడ విఱిచి, నడుమున చెక్కుకొని ముందుకు పోవును. స్త్రీలు ఆ పక్షుల బరువులు వీపున మోసికొని ఊరికి చేర్తురు. పఫిన్ పక్షులను కుక్కల సాయముతో పట్టు పని స్త్రీలదియు బాలికలదియునే.

1697లో మార్టిన్ మార్టిన్ అను హెబ్రిడీసు వాసి ఈ దీవికి వచ్చి కొన్నాళ్లుండి, మఱుసటి యేడు తాను చూచినది గ్రంథముగా ప్రకటించెను. నాడు ఊరిలో సుమారు 180 మంది ఉండిరట. ఊరికంతకు పడవ ఒకటి. చఱియలు దిగు పెద్దత్రాళ్లు మూడు. ఒక్కొక్కటి 24 బారల పొడవు. ఆ పడవయు, ఆ త్రాళ్లును ఏ యొక్కరివియు కావు, ఊరివి. ఆ దీవిలో త్రాడే ఆస్తి. త్రాడు తెగినచో ప్రాణము పోవును. త్రాడు లేనిచో ఆకలిచేత ప్రాణము పోవును.

పడవయు త్రాళ్లును ఉమ్మడివి గనుక పనియు ఉమ్మడియే, ఫలమును ఉమ్మడియే. చఱియలను చీట్లు వేసి పంచుకొందురు. మంచిచోటు ఒకనికే యేటేట రాకుండ మార్చుకొందురు. తెచ్చిన పక్షులను ఒకచోట కుప్పవోసి, ఇంటింటి యక్కఱనుబట్టి పంచుదురు. మగదిక్కు లేని విధవకును, మంచముపట్టిన ముసలికిని పాలు తప్పదు. ఇది ధర్మబుద్ధియే గాని, అంతకుమించిన లెక్కయు ఇందు కలదు. నేడు పైన నిలిచి త్రాడు పట్టినవాడు రేపు క్రిందికి దిగవలెను. వాని భార్య రేపు విధవ కావచ్చును. ఆ సంగతి ఎఱిగినవారి న్యాయ మది.

ప్రతిదినమును, ఆదివారము తప్ప, ఉదయమున పురుషులందఱును వీధిలో కూడెడివారు. చూడవచ్చిన పరదేశీయులు దానికి పార్లమెంటు అని పేరు పెట్టిరి. అది మన రచ్చబండవంటిదే. అధ్యక్షుడు లేడు, నిబంధనలు లేవు, వ్రాత లేదు. ఎవ్వరు ముందుగా వచ్చిన వారే మాట మొదలుపెట్టుదురు. గాలి ఎట్లున్నది, పడవ దింపవచ్చునా, ఏ చఱియకు పోవలెను, ఎవరు దిగవలెను, ఎవరు పట్టవలెను, ఇవియే వారి చర్చలు. ఒక్కొక్కప్పుడు మాటలలోనే ప్రొద్దు గడచిపోయెడిది. కొందఱు యాత్రికులు ఇది చూచి, వీరు సోమరులనిరి. వారు త్రాటికొనను వ్రేలాడినవారు కారు. ప్రాణాపాయమైన పనికి పోవుటకు ముందు అందఱి మనస్సులును ఒకటి కావలెను. అలుకతో వచ్చినవాని చేతిని నమ్మి ఎవడు చఱియ దిగును? ఆ ప్రొద్దుటి మాటలే ఆ యూరి పనిముట్లలో మొదటిది.

కోసిన పక్షులు చెడకుండ దాచుటకు వారు చేసికొన్న యుపాయము మెచ్చదగినది. మట్టిగాని సున్నముగాని లేకుండ రాతిమీద రాయి పేర్చి, పైన రాతిపలకలు కప్పి, వానిమీద గడ్డిమన్ను పఱచి చిన్న చిన్న కొట్లు కట్టిరి. వీనిని క్లీట్లందురు. రాళ్ల సందులనుండి గాలి దూఱును, వాన దూఱదు. ఆ గాలికి మాంసము ఎండి నిలువయుండును. గ్రుడ్లు, గడ్డి, వంటచెఱకుగా కోసిన గడ్డిమన్ను బెడ్డలు అన్నియు అందే. మన గరిసెలు ఇంటి పెరటిలో నుండును. వారి గరిసెలు కొండ నిండ నుండెడివి. నేడు కూడ హిర్టాలో అట్టి కొట్లు 1,200కు పైగా నిలిచియున్నవి. ఆ సంఖ్యను చూచినచో ఎన్ని తరములు ఎంత పాటుపడినవో ఊహింపవచ్చును.

శీతకాలపు దీర్ఘరాత్రులందు స్త్రీలు ఉన్ని వడకుదురు. మగవారు మగ్గముమీద నేయుదురు. ఫుల్మారు నూనె దీపము వెలుగుచుండును. పాతకాలపు ఇండ్లలో ఒక కొనను మనుష్యులు, మఱియొక కొనను పశువులు. గోడలు మిక్కిలి మందము, పైన గడ్డికప్పు. ఆ ఇండ్లలో పొగయు వాసనయు ఉన్నమాట నిజము. వెచ్చదనమున్న మాటయు నిజమే.

ఈ దీవి మెక్లౌడ్ వంశీయులైన భూస్వాములది. ఏటేట వేసవిలో వారి గుమాస్తా పడవలో వచ్చి శిస్తు కొనిపోయెడివాడు. శిస్తు నాణెములలో కాదు. ఈకలు, నూనె, ధాన్యము, నేసిన బట్ట. అందుకు మాఱుగా ఉప్పు, ఇనుము, విత్తనములు ఇచ్చి పోయెడివాడు. చాలకాలము ఆ యూరివారికి నాణెము లక్కఱలేకుండెను.

ఈ విధమున బ్రదుకుచుండగా 1727లో మహా విపత్తు కలిగెను. హారిస్ అను దీవికి పోయిన ఒక యూరివాడు అచ్చట మశూచిచేత చనిపోయెను. వాని బట్టలు ఊరికి తేబడెను. వానితో రోగమును వచ్చెను. అంతకుముందే ముగ్గురు పురుషులను, ఎనిమిదిమంది బాలురను గానెట్ల వేటకై స్టాక్ ఆన్ ఆర్మిన్ అను శిఖరముమీద దింపియుండిరి. అది సముద్రమునుండి నిట్టనిలువుగా 640 అడుగులు లేచిన వట్టి బండ. కొద్దిదినములలో పడవ వచ్చి కొనిపోవలసియుండెను. పడవ రాలేదు. నడుప చేతులు లేవు. ఊరిలో మశూచి ఇంటింటిని ఊడ్చుచుండెను. ఆ పదునొకరును శీతకాలమంతయు, సుమారు తొమ్మిదినెలలు, ఆ బండమీదనే పక్షులను చేపలను తినుచు బ్రదికిరి. మఱుసటి వేసవి తొలినాళ్లలో గుమాస్తా పడవ వారిని ఊరికి చేర్చెను. పదునొకరును ప్రాణములతోనే వచ్చిరి. ఊరిలో మాత్రము వారికి ఎదురుకొనువారు కొద్దిమందియే.

అయినను ఆ యూరు నాడు చావలేదు. ఈ సంగతి ముఖ్యముగా గమనింపవలెను. భూస్వామి ఇతర దీవులనుండి కుటుంబములను పంపెను. వచ్చినవారికి, మిగిలినవారు చఱియ దిగుట నేర్పిరి. త్రాళ్లు మరల చేతులలోనికి వచ్చెను. సగముకంటె నెక్కువ జనమును మింగిన రోగము సైతము ఆ పల్లెను ఖాళీ చేయలేకపోయెను. ఎందుచేతననగా, ఆ బ్రదుకు బ్రదుకదగినదే యని వచ్చినవారు నమ్మిరి.

పందొమ్మిదవ శతాబ్దమున మార్పులు వచ్చినవి. 1830లో నీల్ మెకంజీ అను మతాచార్యుడు వచ్చి ఊరిలోనే కాపురముండెను. ఆయన ప్రోత్సాహమున జనులు క్రొత్త యిండ్లు కట్టుకొనిరి. పొలములను ఇంటింటికి విడదీసికొనిరి. 1860లో గాలివాన ఆ యిండ్ల కప్పులను చెఱచెను. పిమ్మట దొరవారు సున్నము పెట్టి, రేకుల కప్పువేసి పదునాఱు ఇండ్లు కట్టించిరి. చూపునకు అవి నాగరకములు. కాని జనులు వానిలో చలికి వడకిరి. పాత మందపుగోడల వెచ్చదనము వానికి లేదు. మేలుచేయ వచ్చినవారు ఊరివారిని అడిగి కట్టినచో ఎట్లుండెడిదో!

1852లో 36 మంది ఆస్ట్రేలియాకు వలసపోయిరి. వారిలో సగముమందివఱకు ప్రయాణమునందును, ఆవలి యొడ్డు చేరిన కొలదిలోనను రోగములచేత చనిపోయిరి. 1863లో ఒక పడవ మునిగి ఎనిమిదిమంది పోయిరి. నూఱుమంది లేని యూరిలో ఎనిమిదిమంది యనగా ఎంత లోటో మీ రెఱుగుదురు. అన్నిటికంటె ఘోరమైనది పురిటిబిడ్డల మరణము. పుట్టిన బిడ్డ నాలుగైదు దినములు పాలు త్రాగును. పిమ్మట దవుడలు బిగిసికొని, ఎనిమిదవ దినము ప్రాంతమున చనిపోవును. అది ధనుర్వాతము. బొడ్డు కోసిన చోట విషము సోకుటచేత వచ్చునది. ఆ శతాబ్దమున కొన్నియేండ్లు పుట్టిన బిడ్డలలో సగముకంటె నెక్కువమంది ఇట్లే పోయిరి. తల్లులు బిడ్డ బ్రదుకునని తేలువఱకు బట్టలు కుట్టుటకును వెఱచిరట. ఇది దైవనిర్ణయమని చాలమంది నమ్మియుండిరి. 1889లో మతాచార్యుడుగ వచ్చిన ఆంగస్ ఫిడ్డెస్ అట్లు నమ్మలేదు. ఆయన గ్లాస్గో నగరమునకు పోయి, కాన్పునాటి శుభ్రత యెట్లుండవలెనో నేర్చుకొని వచ్చి, ఊరి మంత్రసానులతో వాదించి, ఆ పద్ధతిని పెట్టించెను. కొద్దికాలములో ఆ రోగము అంతరించెను. కాని అప్పటికి రెండు తరముల చేతులు పుట్టకముందే పోయినట్లయ్యెను.

1877 మొదలుగా వేసవులందు పొగయోడలు వింత చూచువారిని కొనితెచ్చుట ప్రారంభమయ్యెను. నగరవాసులు దిగి, వీరి యిండ్లలో తొంగిచూచి, నాణెములిచ్చి, మేజోళ్లును, ఉన్నిబట్టలును, పక్షి గ్రుడ్లును కొనిపోయెడివారు. ఓడ వచ్చి పోయిన ప్రతిసారియు ఊరందఱికి జలుబు చేసెడిది. దానికి ‘ఓడ జలుబు’ అనియే పేరు. ఆ జలుబు కొన్నిదినములలో కుదిరెడిది. మఱియొక యంటు కుదురలేదు. అంతవఱకు తమ బ్రదుకును తమ కొలతతోనే కొలుచుకొన్న జనులు, నాటినుండి పరుల కన్నులతో తమ్ము తాము చూచుకొనసాగిరి. పాదములు వెడల్పనియు, మాట వింతయనియు, తిండి వాసనయనియు వచ్చినవారు వ్రాసిన వ్రాతలు వీరి చెవులకును సోకెను. ఇంతలో బయట కిరసనాయిలు చౌకయయ్యెను. పక్షినూనెకును ఈకలకును గిరాకి తగ్గెను. నాణెములు కావలసివచ్చెను, నాణెము తెచ్చు సరకు పోయెను.

ఆపద కలిగినపుడు బయటికి వార్త పంపుట యెట్లు? 1877లోనే అచ్చట చిక్కుకొనిన జాన్ సాండ్స్ అను పత్రికారచయిత, ఓడ పగిలి వచ్చిన ఆస్ట్రియా నావికులతో కలసి, ఒక ఉత్తరమును సీసాలో పెట్టి, తేలు చక్రమునకు కట్టి సముద్రములో వదలెను. అది కొద్దిదినములకే ఆర్క్నీ దీవుల యొడ్డు చేరెను. సహాయపు టోడ వచ్చెను. నాటినుండి ఊరివారును కొయ్యను పడవవలె తొలిచి, అందు ఉత్తరముంచి, గాలి ఊదిన గొఱ్ఱె తిత్తిని దానికి కట్టి, వాయవ్యపు గాలి వీచునపుడు వదలెడివారు. కొన్ని స్కాట్లండునకును, కొన్ని నార్వే దేశమునకును చేరెడివి. సముద్రమే వారి తపాలాబంట్రోతు.

మొదటి ప్రపంచయుద్ధ కాలమున నౌకాదళమువారు అచ్చట తంతిలేని వార్తాస్థానమును ఉంచిరి. జీతములు, వార్తలు, సరకులు క్రమముగా రాసాగెను. 1918 మే 15వ తేదీని జర్మను జలాంతర్గామి యొకటి వచ్చి డెబ్బది గుండ్లవఱకు ప్రేల్చి ఆ స్థానమును కూల్చెను. మనుష్యులెవ్వరును చావలేదు. యుద్ధము ముగిసెను, నావికులు పోయిరి, వారితో జీతములును పోయెను. బయట కూలి సులభమనియు, వైద్యుడు పిలిచినంతలో వచ్చుననియు విన్న యువకులు ఒక్కరొక్కరుగ బయలుదేఱిరి.

లెక్క వినుడు. 1921లో ఊరి జనము 73. 1926లో ఇన్‌ఫ్లుయెంజా జ్వరమున నలుగురు పురుషులు చనిపోయిరి. 1928 నాటికి 37. ఏడేండ్లలో సగము! ఉన్నవారిలోను పిల్లలును ముసలివారును తీసివేసినచో, పడవ నీటిలోనికి త్రోయుటకు, గొఱ్ఱెలు కాచుటకు, చఱియకు పోవుటకు మిగిలినవారు కొద్దిమందియే. ఒక్కడు వెడలిపోయినను, వాని పని వానితో పోదు. మిగిలినవారి వీపుమీదికి వచ్చును. ఆ బరువు మోయలేక మఱియొకడు పోవును. కరువు వచ్చినపుడు ఊరంతయు కలసి యోర్చుకొనగలదు. వలస వచ్చినపుడు మిగిలినవాడు ఒంటరియగును. మశూచికంటె వలస చెడ్డదైనది ఈ కారణముచేతనే.

1930 జనవరిలో ఒక గర్భిణి జబ్బుపడెను. సముద్రము అనుకూలింపక, ఆమెను ఓడ యెక్కించుట ఆలస్యమయ్యెను. తుదకు గ్లాస్గో చేరి అచ్చటనే మరణించెను. ఆ చావు ఊరి గుండెను విఱిచెను. ఊరిలోనున్న నర్సుతోను మతబోధకునితోను కలసి జనులు పలుమార్లు మాటలాడుకొనిరి. ముసలివారు కొందఱు ఒప్పుకొనలేదు. తాతముత్తాతల గోరీలను, తాము పేర్చిన రాళ్లను విడుచుట యెట్లు? కాని యువకులు పోవుట నిశ్చయమనిరి. వారు పోయినపిమ్మట ముసలివారిని బ్రదికించువారెవరు? 1930 మే 10వ తేదీని ఇరువదిమంది సంతకములు చేసి, స్కాట్లండు వ్యవహారములు చూచు మంత్రి విలియం ఆడంసన్ గారికి అర్జీ పంపిరి. మరల శీతకాలము రాకముందే తమ్మందఱను తరలించి, ఇండ్లును పనియు చూపుమని కోరిరి. అందు ఒక మాట మనస్సును కలచును. తమ్మందఱను ఒకేచోట ఒక యూరుగా నిలుపుమని తాము కోరుట లేదని వారే వ్రాసిరి. ఊరిని విడుచుటయే కాదు, ఊరనుదానినే వదలుకొనిరి.

ఆగస్టు నెలలో వేయికి పైగా గొఱ్ఱెలను పట్టి ఓడలకెక్కించిరి. అమ్మకపు సొమ్ము తరలింపు ఖర్చులకు జమయయ్యెను. కుక్కలను కొనిపోవ వీలులేకపోయెను. చఱియలవెంట తమతో తిరిగిన ఆ కుక్కల మెడలకు రాళ్లు కట్టి అఖాతములోనే ముంచివేసిరి. ఆ కథ చెప్పిన వారందఱును ఆ చోటనే గొంతు తగ్గింతురు. 29వ తేదీ ఉదయమున ఇంటింట బైబిలు గ్రంథమును తెఱచియుంచి, దాని చెంత గుప్పెడు ఓట్సుగింజలు పోసి, తలుపులు మూసిరి. పదుమువ్వురు పురుషులు, పదిమంది స్త్రీలు, ఎనిమిదిమంది బాలికలు, ఐదుగురు బాలురు హేర్‌బెల్ అను నౌకాదళపు ఓడ నెక్కిరి. 1852లో బయలుదేఱినవారును 36 మందియే. కడపట బయలుదేఱినవారును 36 మందియే. మొదటి 36 మంది పోయినపుడు ఊరు నిలిచెను. అప్పటికింకను డెబ్బదిమందికి పైగా మిగిలియుండిరి.

వారిలో ఎక్కువమందిని స్కాట్లండు పడమటి తీరమున మోర్వెర్న్ అను ప్రాంతమున ఉంచిరి. పురుషులకు దొరకిన పని యేమనుకొందురు? అడవుల శాఖలో చెట్లు నాటుట, పెంచుట! పుట్టిన దీవిలో చెట్టు నెఱుగనివారికి చెట్లపని. ఇండ్లు ఒకదానికొకటి దూరము. ప్రొద్దుట కూడి మాటలాడు వీధి లేదు. జీతము కలదు, వైద్యుడు కలడు, దుకాణము కలదు. పిల్లలకు మేలు జరిగెను. కొందఱు పెద్దలు మాత్రము తరువాతి వేసవులందు దీవికి పోయి, పాత యిండ్లలో కొన్నాళ్లుండి వచ్చుచుండిరి. నాటి ఓడ యెక్కినవారిలో కడపటివారు, అప్పటికి ఎనిమిదేండ్ల బాలిక, 2016లో తమ 93వ యేట కాలధర్మము నొందిరి.

దీవిని 1931లో ఒక ప్రభువు కొనెను. 1957లో అది స్కాట్లండు జాతీయ ధర్మసంస్థ యధీనమయ్యెను. అదే యేడు క్షిపణుల జాడ పట్టు సైనికస్థానము వచ్చెను. 1986లో ప్రకృతి సంపదకొఱకును, 2005లో జనజీవన చిహ్నములకొఱకును ఐక్యరాజ్యసమితి విద్యాసంస్థ దానిని ప్రపంచ వారసత్వ స్థలముగా నెంచెను. పొరుగుననున్న సోయ దీవినుండి 1932లో తెచ్చి వదలిన 107 గొఱ్ఱెల సంతతి హిర్టాలో నేడు స్వేచ్ఛగా తిరుగుచున్నది. మఱియొక చిన్న సంగతి చెప్పెదను. ఊరి యిండ్లలో ఒక జాతి యెలుక లుండెడివి, మఱెచ్చటను లేనివి. మనుష్యులు పోయిన కొలదికాలమునకే అవి నశించెను. పొయ్యి ఆఱినపిమ్మట ఇంటి యెలుకయు బ్రదుకలేదు.

ఇక మొదటి ప్రశ్న. ఆ యూరు ఏల నిలువలేదు? పేదతనముచేత కాదు, పేదతనముతోనే రెండువేల యేండ్లు నిలిచెను. గాలిచేత కాదు, చఱియలచేత కాదు, మశూచిచేత సైతము కాదు. బయటివారి మేలును కీడును రెండును కారణములే యనవచ్చును. కాని మూలము ఇది: ఉమ్మడిపని మీద నిలిచిన యూరికి చేతుల లెక్క యొకటి కలదు. ఆ లెక్కకు దిగువ, ఎంత ధైర్యమున్నను ఎంత ప్రేమయున్నను ఊరు సాగదు. ఆ లెక్క యెంతయో తగ్గువఱకు తెలియదు. తెలిసిన నాడు సమయము మించియుండును. పోయిన యువకులను నిందింపరాదు. పురిటిలో బిడ్డ చావకుండవలెనని కోరుట తప్పా? జబ్బుపడినవారికి వైద్యుడు కావలెననుట తప్పా? ఆ రెండును ఊరికి వచ్చియుండినచో వారు ఊరి కడప దాటకపోయి యుందురేమో.

మన గ్రామములు సముద్రమధ్యమున లేవు. బాటలు కలవు, బండ్లు కలవు, పట్టణము దగ్గఱనే యున్నది. అయినను మన పల్లెలనుండియు యువకులు పోవుచున్నారు. చెఱువుగట్టు తెగినపుడు తట్టలెత్తుటకు నేడెందఱు వత్తురో, జాతర పల్లకి మోయుటకు నలుగురైన దొరకుదురో, మీ యూరి లెక్క మీకు తెలిసినట్లు పై యధికారులకు తెలియదు. ఎకరములను, ఇండ్లను లెక్కించినట్లే చేతులను కూడ లెక్కించుట పెద్దల పని. ఆ దీవిలో చఱియ దిగినవాని సాహసమును యాత్రికులు పొగడిరి. పైన త్రాడు పట్టి నిలిచినవాని పేరు ఎవ్వరును వ్రాయలేదు. ఊరిని నిలిపినవాడు వాడే.